వెర్బోవా దగ్గర అతుకు

కల్నల్ కోవ్తున్ మ్యాప్ మీద పెన్సిల్‌తో చిన్న సున్నా చుట్టాడు.

“ఇది వెర్బోవా. కుడివైపు ఒక బెటాలియన్, ఎడమవైపు ఇంకో బెటాలియన్. రెంటికీ మధ్య నాలుగొందల మీటర్ల అతుకు. అది ఎవరిది?”

“ఇద్దరిదీ,” అన్నాడు యారెమా ద్రోజ్ద్.

“అంటే ఎవరిదీ కాదు. రష్యావాడు రేపు పదకొండింటికి అక్కడే దూరబోతున్నాడు.”

బుధవారం ఉదయం తొమ్మిదైంది. తూర్పు ఉక్రెయిన్‌లోని క్రమతోర్స్క్‌లో ఒక పాత స్కూలు నేలమాళిగలో ఉన్నారిద్దరూ. ద్రోజ్ద్ సీక్రెట్ ఏజెంట్. వయసు ముప్పై ఎనిమిది, జేబులో నాలుగు పేర్లతో నాలుగు కార్డులు. ఈ ఉద్యోగంలోకి రాకముందు ఏడాదిపాటు ఆ కుడివైపు బెటాలియన్‌లోనే సార్జెంటుగా కందకాల్లో గడిపాడు. కాగితం మీద ఆ బెటాలియన్‌కి ఐదొందల మంది. ఇప్పుడు మిగిలింది నూట నలభై. వాళ్ళలో సగం మందితో అతను ఒకే డబ్బాలో చెంచా పెట్టి తిన్నాడు.

“ఎదురుగా ఎంతమంది?”

“ఒక్క బెటాలియన్. దానికి ఒక ట్యాంకుల కంపెనీ, కొన్ని ఫిరంగులు తగిలించారు. ఇనుము బోలెడు, నడిచే సిపాయిలు తక్కువ. గోడ పగలగొట్టే దమ్ము లేదు. తలుపు తెరిచి ఉంటే మాత్రం సాయంత్రానికి మన ఇంటికొస్తారు.”

“తలుపు తెరిచేదెవరు?”

“మనవాళ్ళే. రేపు మార్పిడి. కుడివైపు బెటాలియన్ బయటికొచ్చి, కొత్త బెటాలియన్ లోపలికెళ్ళాలి. కొత్తవాళ్ళు కందకంలో దిగకముందే పాతవాళ్ళు బయటికొచ్చేలా ఎవడో ఏర్పాటు చేశాడు. వాడు బ్రిగేడ్ ఆఫీసులోనే కూర్చున్నాడని కబురు.”

“అయితే మార్పిడి ఆపించండి సార్!”

కోవ్తున్ పెన్సిల్ విసిరికొట్టాడు. “ఎవర్ని అడగమంటావు? ఆ బెటాలియన్ పేరు ఉండేది ఒక బ్రిగేడ్ రిజిస్టర్లో, కొట్లాడేది ఇంకో బ్రిగేడ్ కింద. సొంత బ్రిగేడ్‌కి ఫోన్ చేస్తే ‘మా చేతిలో లేదు’ అన్నారు. వాడుకుంటున్న బ్రిగేడ్‌కి చేస్తే ‘వాళ్ళు మావాళ్ళు కాదు’ అన్నారు. తెల్లారినప్పట్నుంచీ ఇదే భజన. సవతి బిడ్డకి జ్వరమొస్తే డాక్టర్ని ఎవరు పిలుస్తారు చెప్పు?”

ద్రోజ్ద్‌కి వేషం సిద్ధంగా ఉంది. సరఫరా విభాగంలో గుమస్తా. కళ్ళజోడు, చంకలో ఫైలు, జేబులో మాటలు రికార్డు చేసే పెన్ను. పెన్ను బ్యాటరీ అయిపోయింది. కొత్త బ్యాటరీకి అర్జీ పెట్టి మూడు వారాలైందన్నాడు కోవ్తున్.

స్టేషన్ వీధిలో కాఫీ షాపు నడుపుతున్న ఎవెలీనా ద్రాక్షరంగు కోటు వేసుకుని గాజు తలుపు వెనక నిలబడి ఉంది. ఆమెని చూడ్డానికే మేజర్లు రెండోసారి కాఫీ తాగేవారు. ఆమె తమ మనిషని మాస్కో నమ్మకం. తమ మనిషని కీవ్ నమ్మకం. ఎవరి నమ్మకం నిజమో ఆమెకే తెలియాలి.

“గసగసాల రొట్టె ఉందా?” అన్నాడు ద్రోజ్ద్.

“శనివారమే చేస్తాం,” అంది ఆమె. కోడ్ సరిపోయింది. కప్పు అతని ముందుకి జరిపి, గొంతు తగ్గించింది. “పల్యూఖ్. ఎడమవైపు బెటాలియన్ తరఫున బ్రిగేడ్ ఆఫీసులో కూర్చునే కెప్టెన్. నోరు తెరిస్తే బూతు. పొద్దస్తమానం మన సైన్యాన్నే తిడతాడు. వాణ్ణి పట్టుకో, నీ పని అయిపోతుంది.”

“ఖాయమేనా?”

“నేనెప్పుడైనా నీకు అబద్ధం చెప్పానా, యారెమా?”

చెప్పింది, రెండుసార్లు. అయినా ఆ కళ్ళలోకి చూస్తే మనిషికి లెక్క గుర్తుండదు.

గురువారం తొమ్మిదిన్నరకి, మూతపడ్డ పాలకేంద్రంలో ఉన్న బ్రిగేడ్ ఆఫీసుకి ద్రోజ్ద్ ఫైలుతో చేరుకున్నాడు. బయట చెయ్యి చాస్తే వేళ్ళు కనిపించనంత పొగమంచు. డ్రోన్లు ఎగరవు. మార్పిడికి ఇంతకంటే మంచి పగలు దొరకదు. దాడికి కూడా.

లోపల ఇద్దరు బెటాలియన్ ప్రతినిధులు ఒకే పొయ్యి దగ్గర చలికాచుకుంటున్నారు. ద్రోజ్ద్ ఫారం తీశాడు. “సరఫరా నుంచి వచ్చాను సార్. మీ బెటాలియన్‌లో ఏమేం కొరతలు ఉన్నాయో రాసుకోవాలి.”

కెప్టెన్ పల్యూఖ్ అతన్ని ఎగాదిగా చూశాడు. “రాసుకుంటావా? కాగితం చాలదురా నాయనా! ఆరు మోర్టార్లకి రెండున్నాయి. నాలుగు ఏ మహానుభావుడు మింగాడో! మూడు కంపెనీలు కలిపితే ఒక కంపెనీ అవుతుంది. డ్రైవర్లు లేక వంటవాడు బండి నడుపుతున్నాడు. ఆ బండి కూడా మా ఆవిడ స్కూల్లో పిల్లల తల్లిదండ్రులు చందాలేసి కొన్నది. ఇంగ్లండు బండి, మన బండ్లకి స్టీరింగ్ ఎడమవైపైతే దానికి కుడివైపు. రాస్తున్నావా, నిద్రపోతున్నావా?”

రెండో మనిషి, మేజర్ లుహోవ్స్కీ, రాబోయే బెటాలియన్ ప్రతినిధి. నున్నగా గీసిన గడ్డం, మెత్తటి మాట. “మాకేం ఇబ్బంది లేదండీ,” అన్నాడు. “మూడు రైఫిల్ కంపెనీలు, మోర్టార్ దళం, గూఢచర్య ప్లటూన్, సమాచార ప్లటూన్. ఆరు మోర్టార్లు. మొత్తం నాలుగొందల తొంభై ఎనిమిది మంది. పాపం, మీరు అలిసిపోయినట్టున్నారు. కూర్చోండి.”

ద్రోజ్ద్‌కి ఆ మనిషి మీద గౌరవం కలిగింది. అలాంటి మర్యాద విని ఎన్నాళ్ళైందో!

పది పదికి పల్యూఖ్‌ని పక్క గదిలోకి పిలిచి, బేడీలు వేశాడు. సంచి వెతికాడు. ఎండుచేప, ఉల్లిపాయ, కొడుకు గీసిన ట్యాంకు బొమ్మ. ఇంకేం లేవు. పది నలభై దాకా ప్రశ్నలు అడిగాడు. జవాబులన్నీ బూతులే.

“నువ్వు మాస్కో మనిషివని మాకు తెలుసు.”

“నేనా?” పల్యూఖ్ మొహం కందగడ్డైంది. “ఒరేయ్, నేను మాస్కో మనిషినైతే ఆరు మోర్టార్లూ ఉన్నాయని హాయిగా అబద్ధం చెప్పేవాణ్ణి కదరా! ఇక్కడ కూర్చుని గొంతు చించుకునేవాణ్ణా? యుద్ధం మొదలైనప్పట్నుంచీ నిండుగా ఉన్న బెటాలియన్ని ఒక్కదాన్ని చూపించు, నా తలకాయ కోసిస్తాను!”

ద్రోజ్ద్ చేతిలో ఫారం కిందకి జారింది. నాలుగొందల తొంభై ఎనిమిది. అది ఏ కందకంలోనూ కనిపించని అంకె. పుస్తకంలో ఉండే అంకె; అంటే ఆ బెటాలియన్ కూడా పుస్తకంలోనే ఉంది. మన బెటాలియన్ ఎలా ఉంటుందో మాస్కోలో కూర్చుని బట్టీపట్టినవాడికే అది నోట్లోంచి వస్తుంది. ఇంట్లో మనిషైతే ముందు ఏడుపు మొదలుపెడతాడు. తనని తను చెంపదెబ్బ కొట్టుకోవాలనిపించింది. అరగంట వృథా చేశాడు.

అతను డ్యూటీ ఆఫీసర్ దగ్గరికి పరుగెత్తాడు. “మార్పిడి ఆపండి! లుహోవ్స్కీ శత్రువు. వచ్చే బెటాలియనే లేదు!”

“ఆదేశం ఇప్పటికే పోయింది,” అన్నాడు ఆ లెఫ్టినెంట్, టీ గ్లాసు దించకుండా. “పొగమంచులో బండ్లు ఇరుక్కుంటాయని పాతవాళ్ళని ముందు బయటికి రమ్మన్నారు మేజర్ గారు. ఆపాలంటే కాగితం కావాలి.”

“నేను సంతకం పెడతాను!”

“మీరు గుమస్తా కదా.”

ద్రోజ్ద్ అసలు కార్డు తీసి బల్ల మీద కొట్టాడు.

“ఇందులో పేరు వేరే ఉందే. గేటు దగ్గర రాసిన పేరు ఇది కాదు,” అన్నాడు లెఫ్టినెంట్.

ద్రోజ్ద్‌కి ఏడుపొచ్చినంత పనైంది. పది యాభై రెండు. లెఫ్టినెంట్ భుజం మీదుగా చెయ్యి చాచి వైర్‌లెస్ అందుకున్నాడు.

వెనక పిస్టల్ క్లిక్‌మన్న చప్పుడు. “అది కింద పెట్టండి, ప్లీజ్,” అన్నాడు లుహోవ్స్కీ. ఇప్పుడు కూడా మర్యాదే.

ద్రోజ్ద్ వెంటే వచ్చి, తలుపు దగ్గర బేడీలతో నిలబడ్డ పల్యూఖ్ ఇంకేం ఆలోచించలేదు. పొయ్యి మీది కెటిల్ రెండు చేతులతో ఎత్తి మేజర్ నెత్తిన మోదాడు. పిస్టల్ ఒకచోట, మేజర్ ఒకచోట పడ్డారు. “వీడా!” అన్నాడు పల్యూఖ్. “పొద్దున్నించీ నాకు చక్కెర అందిస్తున్నాడు, వెధవ!”

ద్రోజ్ద్ వైర్‌లెస్ నొక్కాడు. కుడివైపు బెటాలియన్ కమాండర్ హ్నాత్ షుల్యాక్, అతని పాత కమాండర్. యుద్ధానికి ముందు తేనెటీగలు పెంచేవాడు కాబట్టి పిలుపు పేరు ‘తేనె’.

“తేనె, తేనె! నేను యారెమాని. ఎక్కడున్నారు?”

“మొదటి కంపెనీ బయటికొచ్చేసింది. రెండోది బ్యాగులు తగిలించుకుంటోంది. ఏమైంది?”

“వెనక్కి దిగండి. మీ స్థానంలోకి ఎవరూ రావట్లేదు. వచ్చేది రష్యావాడు.”

“ఇది ఆదేశమా?”

“కాదు. ఆదేశించే హక్కు నాకు లేదు. బతిమాలుతున్నాను.”

“ఈ ఏడాదిలో అర్థమయ్యేలా మాట్లాడింది నువ్వొక్కడివే,” అన్నాడు హ్నాత్. తర్వాత అతని గొంతు అటు తిరిగి గట్టిగా వినిపించింది. “అందరూ లోపలికి! పరుగెత్తండి!”

పదకొండు గంటల రెండు నిమిషాలకి పొగమంచులోంచి ఇంజన్ల మోత వచ్చింది. ట్యాంకులు ముందు, వెనక సిపాయిల బండ్లు, ఖాళీ కందకాల వైపు తీరిగ్గా వస్తున్నాయి. కందకాలు ఖాళీగా లేవు. మొదటి ట్యాంకు యాభై మీటర్ల దూరానికొచ్చాక హ్నాత్ మనుషులు కొట్టారు. పల్యూఖ్ బేడీల చేతులతోనే వైర్‌లెస్ లాక్కుని తన రెండు మోర్టార్లనీ ఆ అతుకు మీదకి తిప్పించాడు. బ్రిగేడ్ ఫిరంగులు కాగితం వచ్చాక, పదకొండు పద్దెనిమిదికి అందుకున్నాయి. అప్పటికి దారి మధ్య నాలుగు బండ్లు మండుతున్నాయి. మిగిలినవి వెనక్కి తిరిగాయి.

మధ్యాహ్నానికి కోవ్తున్ ఫోన్ చేశాడు. ఎవెలీనా షాపుకి తాళం వేసి రైలెక్కబోతుంటే ప్లాట్‌ఫారం మీద పట్టుకున్నారు. రెండు వైపుల పాస్‌పోర్టులూ దొరికాయి. ద్రోజ్ద్ సరేనన్నాడు. అతని చూపు వైర్‌లెస్ మీదే ఉంది. చెయ్యాల్సిన పని ఇంకొకటి ఉంది. అది చెయ్యబుద్ధి కావడం లేదు.

“తేనె, ఎలా ఉన్నారు?”

“ఇద్దరు గాయపడ్డారు. బతుకుతారు,” అన్నాడు హ్నాత్. “అయితే నిజంగానే ఎవరూ రావట్లేదన్నమాట.”

“అడిగాను. ఆ శత్రువు మేజర్ చెప్పిన నాలుగొందల తొంభై ఎనిమిది మంది బెటాలియన్ కాగితాల్లోనే ఉంది, ఇంకా ఏర్పాటులోనే ఉందట. ఎప్పుడో చెప్పలేమన్నారు.”

“డెబ్బై మూడు రోజులుగా కందకంలోనే ఉన్నాం, యారెమా. ఇంటికెళ్తున్నామని మావాళ్ళు పొద్దున గడ్డాలు కూడా గీసుకున్నారు.”

ద్రోజ్ద్ నూట నలభై మంది ప్రాణాలు కాపాడాడు. వాళ్ళ సెలవు తనే లాక్కున్నాడు. రెండూ నిజమే, రెండోదే ఎక్కువ బాధగా ఉంది.

“ఆ మేజర్ ఉన్నాడుగా, చచ్చాడా?” అన్నాడు హ్నాత్.

“లేదు. కట్టేశాం.”

“జాగ్రత్తగా చూసుకోండి. మా స్థానంలోకి నాలుగొందల తొంభై ఎనిమిది మందిని పంపాలని ఇన్నాళ్ళలో తోచింది వాడొక్కడికే. వీలైతే మన హెడ్‌క్వార్టర్స్‌లో ఉద్యోగం వేయించండి.”