గడ్డి కూరిన దూడ

"పాలల్ల నీళ్లు పడ్డయ్."

"ఎన్ని?"

"మూడు చెంబులు."

శాలిబండలో బైండింగు దుకాణం నడిపే రామ్‌చందర్ నోట ఆ మాట రాగానే, పాలు పోస్తున్న మొగులయ్య చెయ్యి ఆగింది. మిషన్ ఉన్నప్పుడే వచ్చే కోడ్ అది. 1942వ సంవత్సరం, యుద్ధం రోజులు, పొద్దున పది గంటలు. ఊరందరికీ మొగులయ్య పాలవాడు. ఒక్క రామ్‌చందర్‌కు మాత్రం ఏజెంట్ నంబర్ నైన్.

రామ్‌చందర్ దుకాణం తలుపు ఓరగా వేశాడు.

"దబీర్‌పురా స్టేషన్ల తంతి కొట్టే తార్ బాబు సీమోను ఎరికేనా? మూడు దినాల సంది మలక్‌పేటల డాక్టర్ హెల్మ్ బంగ్లాల నిద్రపోతుండు. లేస్తలేడు."

"బీమారా సాబ్?"

"జైలు. దుష్మన్‌గాళ్లు కలల కట్టిన జైలు. సూది ఇయ్యంగనే మనిషి అండ్ల పడతడు. డాక్టర్ చెవిల సవాలు అడుగుతడు. లోపల గా సవాలు సచ్చిపోయిన మనోళ్ల గొంతుతోటి వినబడ్తది. జవాబేమో నోట్లకెళ్లి బయటికొస్తది."

"ఏం కావాలె వాళ్లకు?"

"ఇయ్యాల దెబ్బలు తాకిన సిపాయిల రైలొస్తున్నది. టైం సీమోనుకే ఎరిక. పట్టాల కింద బాంబు పెట్టి, గడియారం తిప్పెటోడు డాక్టర్ ఫోను కోసం కూసున్నడు. నాలుగు వందల పానాలు!"

"పోలీసులు?"

"వాళ్లు కనబడ్తే ఇంకో సూది. సీమోను మల్ల లేవడు. లోపలికి నువ్వే పోవాలె. నిద్ర పడ్తలేదని డాక్టర్‌కు చెప్పు."

అది అబద్ధమేమీ కాదు, పాపం. ఏడేళ్ల కూతురు రాజమణి ప్లేగుతో పోయి నాలుగేళ్లయింది. ఆనాటి నుంచి మొగులయ్య కంటి మీద కునుకు లేదు.

మధ్యాహ్నం మూడున్నరకు బంగ్లాలో మంచం చూపించింది మిస్ లిల్లీ. పట్టుచీర, ఎర్రటి లిప్‌స్టిక్, గుప్పుమనే సెంటు. డాక్టర్‌కు ఆవిడ కుడిభుజం. అసలు పేరు ఆండాలు, మన మనిషి. జేబులో పిస్తోలు పెట్టుకున్న డాక్టర్ సిరంజి నింపుతుండగా దిండు సర్దుతూ గుసగుసలాడింది.

"కలల జైలు కొట్లకు తాళాలుండయన్నా. బయటికొచ్చి నీ చేతులతోనే గడియ పెట్టాలె. గప్పుడే మెలకువ."

మంచం పక్కన మొగులయ్య పాల క్యాను ఉంది. దాని అడుగున వైర్‌లెస్ సెట్ ఉందని డాక్టర్‌కేం తెలుసు!

సూది దిగింది.

పొడుగాటి వరండా. రెండు వైపులా కొట్లు. కాపలావాడన్నవాడే లేడు. మొదటి కొట్లోనే తల్లి మాణిక్యమ్మ ఒళ్లో తలపెట్టుకుని సీమోను పడుకుని ఉన్నాడు. ఆమె పోయి ఆరేళ్లు.

"బండి ఎన్ని గంటలకు కొడుకా?"

"నాలుగు..."

"సీమోనూ!" గుమ్మంలోంచి అరిచాడు మొగులయ్య. "పోయిన నెల మా బర్రె దూడ సచ్చింది. దాని తోలుల గడ్డి కూరి ముంగట నిలబెట్టిన. బర్రె దాన్ని నాకుకుంట పాలిస్తది. నిన్ను గట్లనే పిండుతుండ్రు తమ్మీ!"

"మా అమ్మ గాదా అన్నా?"

"మీ అమ్మ బతికుండంగ బండి టైం ఎన్నడన్న అడిగిందా?"

సీమోను ఆమె చేతుల వంకే చూశాడు. తర్వాత చిన్నపిల్లాడిలా వెక్కివెక్కి ఏడుస్తూ బయటికొచ్చి గడియ వేశాడు. వేసిన చోటే మాయమయ్యాడు.

"బాపూ!"

పక్క కొట్లోంచి వచ్చింది పిలుపు. మూతికి మీగడ అంటించుకుని రాజమణి కూర్చుని ఉంది. మొగులయ్య లోపలికి వెళ్లి పిల్లను ఒళ్లోకి తీసుకున్నాడు. ఒళ్లు వెచ్చగా ఉంది. జ్వరం కాదు, పొద్దంతా ఎండలో ఆడొచ్చిన వెచ్చదనం.

"బాపూ, నీకు గీ తోవ చూపిన అక్క పేరేంది?"

"ఆ..."

మాట నాలుక మీదే ఆగింది. అడుగుతున్నదెవరో అతనికి తెలుసు. సీమోను లేవడంతో డాక్టర్‌కు అనుమానం వచ్చి ఉంటుంది. వాడి జేబులో పిస్తోలు ఉంది, పక్కనే ఆండాలు ఉంది. అన్నీ తెలుసు. తెలిసే పిల్ల మూతికున్న మీగడ తుడిచాడు. జడ సరిచేశాడు. ఆ తర్వాత లేచాడు.

"గడియ పెట్టకు బాపూ. నాకు చీకటంటే భయం."

గడియ పెట్టాడు.

కళ్లు తెరిచేసరికి డాక్టర్ ముఖం జానెడు దూరంలో ఉంది. మొగులయ్య చెయ్యి పిస్తోలు మీద పడింది. ఆండాలు క్యాను అడుగున మీట నొక్కింది. వీధి మలుపులో కాచుకున్న పోలీసులు క్షణంలో లోపలికి దూసుకొచ్చారు. డాక్టర్ నోట్‌బుక్‌లో "నాలుగు" అన్నచోటే కలం ఆగి ఉంది, ఫోను ఎత్తనేలేదు. అంతలోనే దూరంగా దబీర్‌పురా వైపు నుంచి రైలు కూత వినిపించింది.

"నా పేరు నీ పెదాల దాక వచ్చిందన్నా," అంది ఆండాలు.

మొగులయ్య తుండుతో ముఖం తుడుచుకుని క్యాను ఎత్తుకున్నాడు.

సాయంత్రం ఇంటి దగ్గర గడ్డి దూడను అవతల పారేద్దామని ఎత్తాడు. బర్రె ఒకటే అరుపు.

"నీకు తెల్వదనుకున్ననే ఇన్ని దినాలు," అన్నాడు దాని మెడ నిమురుతూ. "నీకు మొదటి దినం నుంచే ఎరిక గదనే."

దూడను మళ్లీ దాని ముందే నిలబెట్టాడు. అది తనివితీరా నాకేదాకా ఆగి, అప్పుడు చెంబు పట్టాడు.

మర్నాడు రామ్‌చందర్ నవ్వుతూ అడిగాడు. "షాబాష్! ఇప్పుడన్న నిద్ర పట్టిందా?"

"పట్టింది సాబ్. తలుపుకు గడియ పెట్టకుంట పండుకున్న."

"అరే, దొంగలు పడ్తరయ్యా!"

"పడనియ్ సాబ్. పిల్లకు చీకటంటే భయం."

రాజ్యం రహస్యాలన్నీ కడుపులో దాచుకున్న ఏజెంట్ నంబర్ నైన్ ఇంటికి ఆనాటి నుంచి గడియ లేదు.