క్యారీలో కైజర్ మనుషులు

"ప్రొఫెసర్ విశ్వనాథం ఇవాళ నోరు విప్పకముందే చచ్చిపోవాలి. వాళ్ళ ఆర్డర్ అది," అన్నాడు చీఫ్ శశికాంత్ ఇయర్‌పీస్‌లో.

ఛాయాదేవి జుంకా సర్దుకుంది. మైకు అందులోనే ఉంది. అమెరికాలో నార్త్ కరొలైనా రాష్ట్రం, క్యారీ ఊళ్ళో ఒక కమ్యూనిటీ హాలు. ప్రొఫెసర్‌గారి సభ అక్కడే. పట్టుచీర కట్టుకుని సమోసాల టేబుల్ వెనక నిలబడ్డ యాభై ఏళ్ళ మనిషిని సీక్రెట్ ఏజెంట్ అని ఎవరనుకుంటారు? పిల్లలైతే "ఆంటీ, వన్ మోర్" అంటూ ప్లేట్లు చాపుతున్నారు.

వ్యవహారం నూరేళ్ళు దాటినది. కైజర్ చక్రవర్తి ఏలే జర్మనీకి ఆఫ్రికాలో సామ్రాజ్యం కావాలనిపించింది. నమీబియాలో హెరేరో జాతి తిరగబడితే ఎడారిలోకి తరిమి, గుక్కెడు నీళ్ళు దొరక్కుండా చేసి చంపారు. అది చాలదన్నట్టు పుర్రెల్ని పెట్టెల్లో సర్ది పరిశోధనకని బెర్లిన్ పంపారు. ఎంత పాపిష్ఠి పని! వాటిలో కొన్నిటిని, కైజర్‌ని ఇంకా దేవుడిలా కొలిచే ఒక ముఠా అమెరికాలో దాచింది.

ఎక్కడ దాచిందో కనిపెట్టింది విశ్వనాథం ఒక్కడే. ఏజెన్సీకి కూడా చెప్పనన్నాడు. "ఆఫీసులో చెబితే ఫైలవుతుందమ్మా. సభలో చెబితే న్యూసవుతుంది," అని మొండికేశాడు. ఆయన పోతే ఆ జాడ కూడా ఆయనతోనే పోతుంది. ముత్తాత పుర్రె కోసం నమీబియా నుంచి వచ్చిన ఎవలీనా అనే ముసలావిడ మొదటి వరసలో చేతులు కట్టుకుని కూర్చుంది.

"షూటర్ బాల్కనీలో ఉన్నాడట. లేనా కన్ఫర్మ్ చేసింది," అన్నాడు శశికాంత్.

లేనా ఆ ముఠాలోనే ఉంటూ ఏజెన్సీకి కబుర్లు మోసే డబుల్ ఏజెంట్. నల్ల గౌను, సిల్కు గ్లవ్స్, కళ్ళు తిప్పుకోనివ్వని అందం. సభకు హోస్ట్ ఆవిడే. పోడియం మీద నీళ్ళ సీసా మూత తీసి పెట్టి, ఎవలీనా పక్కన కూర్చుంది.

విశ్వనాథం మొదలుపెట్టాడు. గొంతు తడారింది. సీసా అందుకుని, తల వెనక్కి వాల్చి, పైనుంచి గటగటా పోసుకున్నాడు. టై తడిసింది. హాల్లో దొరలు కిసుక్కున నవ్వారు.

లేనా నవ్వలేదు. ఆమె మొహం పాలిపోయింది.

"కారప్పూస దొరికిందా?" ఛాయాదేవి గుసగుసలాడింది. షూటర్ దొరికాడా అని దానర్థం.

"లేదు. బాల్కనీ టోటల్‌గా ఖాళీ."

ఛాయాదేవి లేనా వైపు చూసింది. పైన తుపాకీ ఉందని చెప్పిన మనిషి ఒక్కసారైనా పైకి చూడదేం? ఆయన పెదవులనే చూస్తుందేం? తాగినా ఆయనకేమీ కాలేదంటే నీళ్ళలో ఏమీ లేదు. విషం సీసా మూతికి పూసింది!

వేదిక మీద విశ్వనాథానికి దగ్గు తెర వచ్చింది. మళ్ళీ సీసా ఎత్తబోయి, ఆ నవ్వులు గుర్తొచ్చి సిగ్గుపడ్డాడు పాపం. ఇంతమంది దొరల ముందు ఎందుకొచ్చిన గోల అనుకున్నాడో ఏమో, సీసాని తిన్నగా పెదవుల దగ్గరికే తెచ్చాడు.

పరిగెత్తే టైమ్ లేదు. ట్రైనింగ్‌లో నేర్పిన ముక్క ఒక్కటీ ఛాయాదేవి నోటికి రాలేదు.

"మాస్టారూ! ఆ సీసా ఎంగిలి!"

డెబ్భై ఏళ్ళ చెయ్యి టక్కున ఆగిపోయింది.

లేనా పిస్టల్ తీస్తూ, సమోసాల టేబుల్ పక్కనున్న తలుపు వైపు దూకింది. ఛాయాదేవి సమోసాల ట్రేతో మణికట్టు మీద ఒక్కటిచ్చింది. పిస్టల్ ఎగిరి చట్నీలో పడింది.

"యూ ఆర్ జస్ట్ ఎ కుక్!" అంది లేనా రొప్పుతూ.

"అవునమ్మా, నీకు ఇవాళ వడ్డించాను," అంటూ ఛాయాదేవి బేడీలు వేసింది.

ఆ గొడవ మధ్యే విశ్వనాథం మైకు అందుకుని, షార్లెట్ శివార్లలో పుర్రెలు దాచిన గోడౌన్ ఎక్కడుందో గబగబా చెప్పేశాడు. ఎవలీనా రెండు చేతుల్లో మొహం దాచుకుని ఏడ్చేసింది. చూస్తున్న ఛాయాదేవికీ కళ్ళు చెమర్చాయి.

సభ ముగిశాక విశ్వనాథం ఆమె దగ్గరికి వచ్చాడు. ప్రాణం దక్కిందన్న సంతోషం మొహంలో మచ్చుకైనా లేదు.

"అది సరే గానీ అమ్మాయ్, ఎవరి ఎంగిలి అది?"

"కైజర్ చక్రవర్తిది మాస్టారూ."

"ఛీ ఛీ!" అని ఆయన నోరు పుక్కిలించడానికి పరిగెత్తాడు.