బొంగరం పాప గొంతు

సముద్రం ముందుకొచ్చాక కాకినాడ నీటిమీద తేలే పట్టణమైంది. 2091 నాటికి అక్కడి పిల్లలు బడికి పడవల్లో వెళ్లడం, పెద్దలు సెలవురోజున కళాభవనానికి వెళ్లి గోడలకి వేలాడే పాత బొమ్మల మాటలు వినడం మామూలైపోయాయి.

బొమ్మల్ని మాట్లాడించే యంత్రం పేరు శ్రుతిదర్శిని. పదకొండేళ్లు కష్టపడి దాన్ని తయారుచేసింది డాక్టర్ వకుళ. నూనె రంగు ఆరడానికి రోజులు పడుతుంది. ఈలోగా గదిలో ఎవరు మాట్లాడినా ఆ కంపనాలు తడిరంగులో కంటికి కనపడని ముడతలుగా నిలిచిపోతాయి. లేజర్ కిరణం ఒక్కో పొరా చదివి వాటిని మళ్లీ గొంతులుగా మారుస్తుంది. ఏ భాషనైనా తెలుగులో వినిపిస్తుంది.

ఆ ఏడాది ఫ్రాన్స్ నుంచి మూడున్నర శతాబ్దాల నాటి బొమ్మ ఒకటి తెచ్చారు. బల్లమీద బొంగరం తిరుగుతుంటే ఓ చిన్నపిల్ల ఒళ్లు మరిచి చూస్తోంది. పెదవులమీద సన్నని నవ్వు. గీసిందెవరో తెలీదు.

వకుళ, ఆమె సహాయకుడు ఇస్మాయిల్ అడుగుపొర నుంచి మొదలుపెట్టారు.

"కదలకు," అంది మగ గొంతు.

"ఒక్కసారి తిప్పుకోనా నాన్నా?"

"బొంగరాన్ని మైనంతో అంటించానే. ఊడితే నీడ మారిపోతుంది."

ఎన్ని పొరలు విన్నా అదే అడగడం, అదే జవాబు. చిట్టచివరి పొరలో మాత్రం తండ్రి, "అయిపోయింది తల్లీ, ఇక ఆడుకో," అన్నాడు.

"వద్దు నాన్నా."

ఇస్మాయిల్ హెడ్‌ఫోన్ తీసేశాడు. "ఇదే వినిపిద్దామా మేడం?"

"ఉన్నదే వినిపిద్దాం."

వారంలో జనం పలచబడ్డారు. కళాభవనం డైరెక్టర్ పరాంకుశం వకుళని పిలిపించాడు.

"సెలవురోజున దిగులు మోసుకెళ్లడానికి ఎవరొస్తారమ్మా? ఆ పిల్ల నవ్వితే చాలు. లేదంటే మీ యంత్రాన్ని గోడౌన్‌కి పంపడమే."

"యంత్రం పుట్టించిన నవ్వుని జనం పట్టేస్తారు సార్."

"మీ అమ్మాయికి ఏడేళ్లేగా?"

తనకి కోపం రావాలని వకుళకి తెలుసు. రాలేదు.

మర్నాడు కూతురు చేతనని రికార్డింగు గదిలో కూర్చోబెట్టారు.

"దేన్ని చూసి నవ్వాలమ్మా?"

"ఊరికే నవ్వు, బంగారం."

పదిహేడోసారికి నవ్వు కుదిరింది. ఆ వారం నుంచి క్యూ పడవల రేవుదాకా సాగింది. బొమ్మ ముందు నిలబడి తల్లులు కళ్లు తుడుచుకునేవారు. వినడానికి చేతన మాత్రం రానంది. ఎందుకని వకుళ అడగలేదు.