ఆదివారం దండెం

ఓడలకు దారి చూపే పైలట్ ఎల్కానా శవం తన చిన్న పడవలోనే తేలుతూ 'ప్లోవర్' ఓడ పక్కకు చేరింది. వీపులో కత్తి.

"వీపు చూపించాడంటే నమ్మినవాళ్లే పొడిచారు," అన్నాడు కెప్టెన్ హోబార్ట్. "ఏసా, శత్రువుల సవానా రేవుకు తుపాకీమందు తెచ్చే స్టీమర్ ఈ సముద్రపు పోటుకే వస్తోంది. మనది ఒక్క ఫిరంగి ఉన్న తెరచాప ఓడ. తరిమి పట్టుకోలేం. ఈ ఉత్తరపు పాయలో నక్కి ఉండటమే మన బలం. ఇక్కడున్నట్టు ఎవరికి తెలుసు?"

"మీకు, నాకు, ఎల్కానాకు."

నాలుగో పేరు గూఢచారి ఏసా చెప్పలేదు. లవీనియా. ఒడ్డున ఉంటున్న సాటి ఏజెంట్, విధవరాలు. యుద్ధం అయ్యాక అతను పెళ్లాడబోయే మనిషి. ఎల్కానాను ఆమె దగ్గరకు కబురుతో పంపింది అతనే.

టెలిస్కోప్ ఒడ్డుకు తిప్పాడు. చర్చి గంట మోగుతోంది. లవీనియా పెరట్లో దండెం మీద ఎర్ర గౌను ఎగురుతోంది.

ఆ కోడ్ వాళ్లిద్దరూ పెట్టుకున్నదే. ఎరుపు కనిపిస్తే ఈ పాయలో శత్రువున్నాడు, రావద్దని ప్లోవర్‌కు హెచ్చరిక. ప్లోవర్ ఇప్పటికే ఇక్కడుంది. మరి హెచ్చరిక ఎవరికి? ఉతికిన బట్టేమో అనుకోవడానికీ లేదు. ఈ దీవుల్లో ఆదివారం చేతిరుమాలు కూడా ఆరేయరు.

ఏసా పాదిరి కోటు తొడుక్కుని, బైబిల్ చంకన పెట్టుకుని ఒడ్డుకు వెళ్లాడు.

"ఏమయ్యా పాదిరీ, నా పాపాలు కడగడానికొచ్చావా?" లవీనియా నవ్వింది. ఆమె చేతిలో పిస్తోలు ఉంది.

"స్టీమర్ ఎవరిది?"

"మా ఆయనది."

"చచ్చిపోయాడన్నావుగా?"

"నీ మట్టుకు చచ్చాడు. ఎల్కానా ఇంట్లో మా ఆయన ఫొటో చూసి, ఆ స్టీమర్ కెప్టెనని గుర్తుపట్టాడు. అందుకే పోయాడు. కదలకు."

సముద్రం మీద స్టీమర్ పొగ దక్షిణపు పాయ వైపు తిరుగుతోంది. అది చుట్టుదారి, కానీ అటు కాపలా లేదు.

ఏసా బైబిల్ తెరవలేదు. మూసి ఉండగానే అందులో దాచిన తుపాకీ పేలింది. లవీనియా పిస్తోలు ఇసుకలో పడింది. అతను గౌనును ఒక్క గుంజు గుంజాడు. దండెం తెగింది. ఎరుపు లేదంటే ఉత్తరపు పాయలో శత్రువు లేడని అర్థం.

పొగ తడబడింది. వెనక్కి తిరిగింది. ఉత్తరపు పాయలోకి వచ్చింది. రెల్లు చాటు నుంచి ప్లోవర్ ఫిరంగి మోగింది. తప్పుకోబోయిన స్టీమర్ ఇసుకమేటలో కూరుకుపోయింది.

నావికులొచ్చి లవీనియా చేతులు కట్టారు.

"పెళ్లాడతానన్నావు, ఏసా. ఇప్పుడు నన్ను ఉరి తీయిస్తావా?"

అతను గౌను దులిపి మడతపెట్టాడు.

"ఇవాళ కాదులే. ఆదివారం ఇక్కడ ఏదీ వేలాడదీయరు."