పంచమి నాటి నాలుగో విస్తరి

మాఘ బహుళ పంచమి నాడు కంకణగిరి కోటలో ప్రతి ఇంటా బెల్లం పులగమే వండేవారు. కొత్త బియ్యం, పెసరపప్పు, బెల్లం. వేర్వేరు ఏళ్లలో, సరిగ్గా అదే పంచమి నాడు, ఆ రాజ్యంలో మూడు గొప్ప పనులు జరిగాయి. ఒక్కో పనికి ఒక్కో దినుసు గుర్తు. పొద్దున్నే కోటగుమ్మం దగ్గర సింగనార్యుడనే పెద్దాయన తాళపత్రం విప్పి ఆ మూడింటినీ చదివేవాడు. జనం గర్వంగా విని, ఇళ్లకు పోయి పులగం తినేవారు.

ఒక ఏడు చవితి నాడు పడుకున్నవాళ్లు లేచేసరికి షష్ఠి వచ్చేసింది. పంచమి మాయమైంది. సింగనార్యుడి తాళపత్రం మీద ఒక్క అక్షరం లేదు. ఆ రోజున ఏం జరిగిందో ఎవరికీ గుర్తులేదు. అంతకంటే పెద్ద ఆపద సిరివాగు ఆనకట్టకు వచ్చింది. అది నిలబడింది పంచమి నాడే. ఆ రోజే లేకపోయాక పూటకొక రాయి ఊడి వాగులో పడసాగింది. నడుమనున్న పెద్దరాయి కూడా కదిలితే దిగువనున్న ఏడు ఊళ్లూ నీటిపాలే.

కోట వంటశాలలో అచ్చవ్వ, ఆమె పద్నాలుగేళ్ల మనవరాలు చెంగల్వ ఉండేవారు. చవితి సాయంత్రం అవ్వ కొలిచిపెట్టిన బియ్యం, పప్పు, బెల్లం అలాగే ఉన్నాయి.

"ఎందుకు కొలిచానే ఇవి? నా బుర్రను ఎవరో చీపురుతో ఊడ్చేసినట్టుంది."

"కొలిచావుగా అవ్వా, వండేద్దాం" అంది చెంగల్వ.

మొదటి ముద్ద నోట్లో పెట్టుకోగానే ఆ పిల్లకు మూడు సంగతులూ గుర్తొచ్చాయి. నాలుక మరచిపోలేదు మరి! పరుగున పోయి సింగనార్యుడికి చెప్పింది.

"రోజులను ఎత్తుకుపోగలవాడు తెల్లకొండ గుహలోని గండశిలుడనే రాక్షసుడొక్కడే తల్లీ" అన్నాడాయన. "రాజుగారు సైనికులను పంపారు. పంచమి సంగతి చెప్పందే అడవి దారి ఇవ్వలేదట. చెప్పలేక తిరిగొచ్చారు."

"నేను చెప్పగలను తాతగారూ."

అవ్వ తానూ ఓ ముద్ద తిని గుర్తు తెచ్చుకుని, పులగాన్ని మోదుగాకుల్లో మూడు పొట్లాలు కట్టింది. ఆగి, నాలుగోది కూడా కట్టింది.

"ఇదెవరికి?"

"ఏమోనే. మా అత్తగారి కాలం నుంచీ ఏటా మూడు సంగతులకూ మూడు విస్తళ్లు వేశాక, నాలుగో విస్తరి వాకిట పెట్టి తలుపేస్తున్నాం. ఎవరికని నేనూ అడగలేదు. ఉండనీ."

చెంగల్వ ఏదో చెప్పబోయి, తల దించుకుని బయలుదేరింది.

అడవి మొదట్లో ఎలుగుబంటి అడ్డొచ్చింది. "పంచమి సంగతి ఒకటి చెప్పు. లేకపోతే వెనక్కి నడువు."

"ఒకప్పటి రాజుగారికి కొడుకుల్లేరని శత్రువులు నవ్విన రోజుల్లో, పంచమి నాడు ఆయన కూతురు సింహాసనమెక్కింది. ఆడపిల్ల ఏలుతుందా అన్నవాళ్ల నోళ్లలోనే ముందుగా బెల్లం పెట్టింది. నలభై ఏళ్లు ఏలింది!"

"బెల్లమా? ఆ మాట ముందే చెప్పొద్దూ!" అంది ఎలుగు. పొట్లం నాకేసి, ఆమె కాలిలో గుచ్చుకున్న ముల్లును గోటితో మెల్లగా తీసి దారిచ్చింది.

మధ్యాహ్నానికి ఒక బండల లోయ వచ్చింది. అక్కడ కూర్చున్న ముసలి రాబందు కూడా పంచమి సంగతే అడిగింది.

"ఏడు నెలలు మా కోటను శత్రువులు ముట్టడించారు" అని చెప్పింది చెంగల్వ. "తినడానికి పెసలు తప్ప ఏమీ మిగల్లేదు. ఇంటింటివాళ్లూ పిడికెడు పిడికెడు పంచుకు తిన్నారు. ఒక్కరూ కోట తలుపు తీయలేదు. పంచమి నాడు శత్రువులే విసిగి వెళ్లిపోయారు."

"నాకు తెలియదా! ఆ ఏడు నెలలూ మీ గోడ మీద ఆశగా కూర్చున్నాను. ఒక్కరూ చావలేదు. ఎంత మొండి జనమమ్మా మీరు!" రాబందు రెండో పొట్లం తిని, ఎండ తగలకుండా రెక్క చాపి లోయ దాటించింది.

గుహలో గండశిలుడు కొండంత మనిషి, మోకాళ్లు ముడుచుకుని కూర్చుని ఉన్నాడు. మూసిన పిడికిట్లోంచి వెలుగు కారుతోంది.

చెంగల్వ మూడో పొట్లం అతని ముందు పెట్టి చెప్పింది. "నూరేళ్ల కిందట మావాళ్లు సిరివాగుకు ఆనకట్ట కట్టారు. పంచమి నాడు మొదటిసారి పొలాలకు నీళ్లొచ్చాయి. ఆ నీటితో పండిన బియ్యమిది."

"సగమే చెప్పావు. మీవాళ్లెప్పుడూ సగమే చదువుతారు" అన్నాడు రాక్షసుడు. "ఆ మధ్యాహ్నం కట్ట నడుమ తెగింది. పొద్దుగుంకేదాకా భుజం అడ్డుపెట్టింది నేను. పెద్దరాయి మోసుకొచ్చి పెట్టింది నేను. రాక్షసుడు కట్టాడంటే పరువు తక్కువని నా పేరు ఎక్కడా రాయలేదు. పోనీలే అనుకున్నాను. ఒక వంటమనిషి మాత్రం విస్తరి వాకిట పెట్టి, 'తిను నాయనా' అంది. నలుగురి ముందు తినాలంటే నాకు సిగ్గు. అది చూసి తలుపేసింది. ఏటా అలాగే జరిగింది. నిరుడు విస్తరి లేదు."

చెంగల్వ కళ్లు నిండాయి. "తీసేసింది నేనే మామా. అవ్వకు జ్వరం. ఎవరూ తినని దాన్ని కుక్కలపాలు చేయడమెందుకని లోపల పెట్టేశాను. తప్పు నాది, ఏడు ఊళ్లది కాదు." నాలుగో పొట్లం విప్పి అతని ముందుంచి, వెనక్కి తిరిగి గోడకేసి చూస్తూ నిలబడింది.

చాలాసేపటికి వెనకనుంచి గొంతు వినిపించింది. "బెల్లం కాస్త తక్కువైంది పిల్లా." ఆమె చేతిలో వెచ్చటి వెలుగు వచ్చి పడింది.

చెంగల్వ ఆ వెలుగుతో కోటకు చేరిన మర్నాడు పంచమిగానే తెల్లవారింది. ఆమె చెప్పింది విని ఒక మంత్రి గొణిగాడు. "కోటగుమ్మంలో రాక్షసుడి పేరా? నవ్వరూ?"

"ఏడు ఊళ్లను భుజం మీద మోసినవాడు మన పక్షాన ఉన్నాడంటే నవ్వుతారా? అసూయపడతారు!" అన్నాడు సింగనార్యుడు. అని, తాళపత్రం మీద తిరిగొచ్చిన మూడు సంగతుల కింద నాలుగోది రాసి, దాన్ని చెంగల్వ చేతిలోనే పెట్టాడు. ఆమె నాలుగు సంగతులూ చదివింది. ఆఖరి మాట పూర్తికాగానే వాగులో పడిన రాళ్లు ఒక్కొక్కటే లేచి కట్టలో కూర్చున్నాయి. జనం చేసిన కేక తెల్లకొండ దాకా వినిపించింది. ఇకపై కోటగుమ్మంలో పంచమి సంగతులు చదివేది చెంగల్వేనని రాజుగారు అక్కడికక్కడే చాటించారు.

ఆ సాయంత్రం పొద్దుగుంకుతుండగా చెంగల్వ వాకిట నాలుగో విస్తరి వేసి, పులగం మీద బెల్లం మరికాస్త చల్లింది. దూరాన బరువైన అడుగులు వినిపించాయి. తొంగి చూడాలనిపించినా చూడలేదు. "తిను మామా" అని, చప్పుడు కాకుండా తలుపు వేసింది.