పక్క గదిలో రాజుగారు

రాజమండ్రి ఫిల్మ్ క్లబ్బులో ఒక పద్ధతి ఉంది. పాత సినిమా వేసే ముందు ఒకరు దాన్ని మెచ్చుకోవాలి, అయిపోయాక ఇంకొకరు తిట్టాలి. ఆ ఆదివారం మెచ్చుకునే వంతు ఉదయభాస్కర్‌ది, తిట్టే వంతు తబితది.

పాలకొల్లు సంబంధానికి ఒప్పుకున్నానని, నాన్నగారి మాట కాదనలేనని ఆ పొద్దున్నే ఉదయ్ ఆమెకు ఫోన్లో చెప్పేశాడు. ప్రేమించిన పిల్లకు అలాంటి కబురు ఫోన్లో చెప్పేవాణ్ణి ఏమనాలి?

సినిమాలో మంత్రి వచ్చి, సామంతరాజు కూతుర్ని పెళ్లాడమని మీ తండ్రిగారి ఆజ్ఞ అంటాడు. యువరాజు ప్రేమించిన పిల్లను వదిలేసి, కోట మెట్ల మీద పాట పాడతాడు. హాలంతా చప్పట్లు కొట్టింది.

తబిత మైకు అందుకుంది. ఉదయ్ మీద కోపం వస్తే ఆమె మర్యాదలోకి దిగుతుంది.

"యువరాజు త్యాగమూర్తి అన్నారు కదండి ఉదయ్ గారూ. మంత్రి చెప్పింది పచ్చి అబద్ధం. రాజుగారు పక్క గదిలోనే ఉన్నారు. తలుపు తట్టి అడగడానికి ఏమొచ్చిందండి?"

"తండ్రికి ఎదురు చెప్పకూడదని..."

"అడిగితే ఎదురు చెప్పినట్టా అండి? పిరికితనానికి కిరీటం పెట్టి త్యాగం అంటే మేం చప్పట్లు కొట్టాలా? పాపం, ఆ పిల్ల చివరిదాకా ఏడుస్తూనే ఉంది. నీకేం కావాలని ఆవిణ్ణి ఒక్కరైనా అడిగారా?"

ఉదయ్ మొహం మాడిపోయింది. బయట వాన పట్టుకుంది. వరండాలో ఆమెకు అడ్డం వచ్చాడు.

"అందరి ముందూ నా పరువు తీశావు."

"ఆ సంబంధం చేసుకోమని మీ నాన్నగారు మీతో స్వయంగా అన్నారా అండి?"

ఉదయ్ తడబడ్డాడు. "మావయ్య చెప్పాడు. నాన్నగారు మాటిచ్చేశారని..."

"అయితే మీ ఇంట్లోనూ మంత్రి ఉన్నాడన్నమాట."

ఉదయ్ ఫోన్ తీసి స్పీకర్‌లో పెట్టాడు. తణుకులో వాళ్ల నాన్న చంద్రరావుగారు ఎత్తారు.

"నాన్నగారూ, పాలకొల్లు సంబంధం మీకిష్టమేనాండి? నేను తబిత అనే అమ్మాయిని ప్రేమించాను. వాళ్లు చర్చికి వెళతారు."

"నీకిష్టమని మీ మావయ్య అంటేనే కదరా నేను సరే అన్నాను. నువ్వొచ్చి నన్నడిగావా? చర్చికెళితే వెళతారు. మీ మావయ్య మాత్రం కొన్నాళ్లు మన గడప తొక్కకూడదు. ఆ అమ్మాయి ఏమంటోంది?"

తబిత ఫోన్ దగ్గరికి వంగింది. "నన్నింకా ఎవరూ అడగలేదండి."

"అడగరా," అన్నారు చంద్రరావుగారు.

స్పీకర్ ఆపకుండానే ఉదయ్ అడిగాడు, వానలో సగం తడుస్తూ.

"సరే," అంది తబిత. ఆమె కోపం ఇంకా చల్లారలేదు. "పాలకొల్లు అమ్మాయికి మీరే చెప్పాలండి. ఫోన్లో కాదు, వెళ్లి."