తెల్లమచ్చల క్యాసెట్

జనగామలోని గోవర్ధన్ స్టూడియోలో బీరువా తెరిచి ఉంది. తాళం పగలలేదు. ఒక పాత వీడియో క్యాసెట్ మాత్రం లేదు.

పాత దృశ్యాలు సేకరించి డాక్యుమెంటరీలు తీయడంలో గోవర్ధన్‌ది పాతికేళ్ల పేరు. భూపాలపల్లి దారిలో జరిగిన లారీ ప్రమాదంపై ఆయన తీసిన చిత్రానికి అవార్డు వచ్చింది. భద్రపరుస్తాం, మూలప్రతులు పంపండని ఒక ఆర్కైవ్ సంస్థ కోరింది. పంపవలసిన రోజునే ఈ దొంగతనం.

తాళంచెవులు రెండు. ఒకటి ఆయనది, రెండోది సహాయకుడు రాకేష్‌ది. ఫిర్యాదులో గోవర్ధన్ రాకేష్ పేరు రాశాడు.

స్టేషన్‌లో ఎస్సై ప్రసూన రాకేష్‌ను ప్రశ్నించింది.

"క్యాసెట్ ఏది?"

"నాకేం తెల్సు మేడం? మా ఇంట్ల దాన్ని నడిపే మిషనే లేదు."

"అమ్ముకోవచ్చు గదా?"

"గదెవలు కొంటరు? పాత సామాన్లోడు సుత ముట్టడు. కేసైతే ఇగ నాకు పనెవలిస్తరు మేడం?"

ప్రసూన ఆ చిత్రం తెప్పించి చూసింది. పోయిన క్యాసెట్‌లోదే ఒక నలుపు తెలుపు దృశ్యం. శవాలు ఇంటికి చేరిన వేళ గుండెలవిసేలా ఏడుస్తున్న ఆడవాళ్లు. తెరపై తెల్ల మచ్చలు. టేపు పాతది కనుక అలా ఉందని అందరూ అనుకున్నారు.

ఆమె ఆ దృశ్యాన్ని మళ్లీ చూసింది. చివరి కృతజ్ఞతల్లో మహబూబాబాద్ వీడియోగ్రాఫర్ నబీసాబ్ పేరుంది. ఫోన్ చేసి పిలిపించింది.

మధ్యాహ్నం గోవర్ధన్, రాకేష్, నబీసాబ్ ముగ్గురినీ ఎదురుగా కూర్చోబెట్టింది.

"టేపు చెడితే మచ్చలు ఇక్కడోటి, అక్కడోటి మెరిసి మాయమైతయి. ఇవి ఆడవాళ్ల జుట్టును వదుల్తలేవు. తల ఎటు తిరిగితే అటే పోతున్నయి. రంగు తీసేస్తే పసుపు తెల్లగ కనబడుతది. ఇవి అక్షింతలు. గోవర్ధన్ గారూ, చావింట్ల అక్షింతలెవరు చల్లుతరు?"

గోవర్ధన్ తల వంచుకున్నాడు.

"గది డోర్నకల్ల పెండ్లి మేడం, అప్పగింతలు," అన్నాడు నబీసాబ్. "బిడ్డను అత్తోరింటికి తోలుతుంటే తల్లి ఏడుస్తున్నది. పాత పెండ్లిళ్లు చూపిస్తడేమో అని సారుకిచ్చిన. సిన్మా నాకెన్నడు చూపెట్టలే. ఆ పిల్లకిప్పుడు ఇద్దరు పిల్లలు. ఆమెను నువ్వు శవాన్ని జేసినవా సార్?"

ప్రసూన అందుకుంది. "అసలు క్యాసెట్ ఆర్కైవ్‌కు చేరితే పెండ్లికూతురు బయటపడుతది. అందుకే దాచిండ్రు. ఎక్కడ?"

"కారు డిక్కీలో."

రాకేష్ ఆయన వంక తిరిగాడు.

"ఇన్నేండ్లు మీ చెయ్యి కింద పని చేసిన సార్. నా పేరెట్ల రాయబుద్ధయింది?"

రాకేష్ తలుపు వైపు చూపించాడు.

"మా అమ్మ వరండాల కూసున్నది. నేను దొంగను కానని మీ నోటితోని చెప్పుండ్రి. చాలు."

గోవర్ధన్ బయటకు నడిచాడు. ఆయనను చూడగానే రాకేష్ తల్లి లేచింది. ఆయన నోరు విప్పేలోపే వంగి రెండు పాదాలూ పట్టుకుంది.

"తప్పయింది సారూ. పోరడు తెల్వక చేసిండు. జర ఇడిపియ్యుండ్రి."